రెండు అతుకుల మధ్య

మా ఇంట్లో ఏసీ మేడమీద గదికి ఉంది. మేమిద్దరం పడుకునే కింది గదికి కూలరే. రోహిణి కార్తెలో బెజవాడలో ఉన్నవాళ్ళకు ఆ తేడా ఏమిటో వేరే చెప్పనక్కర్లేదు. మేడమీద గదిలో మనుషులెవరూ పడుకోరు. అక్కడ ఇనప అరల్లో సినిమా రీళ్ళ డబ్బాలు ఉన్నాయి. మా ఆవిడ ఈ విషయం మీద నాతో వాదించడం ఎప్పుడో మానేసింది. చుట్టాలెవరైనా ఆరా తీస్తే మాత్రం, "ఆయన పాత పౌరాణికాలు దాస్తారండీ" అంటుంది. నేను పక్కనే ఉండి కూడా ఆ మాట సరిదిద్దను.

అవి పౌరాణికాలు కావు. ఒకప్పుడు మా ఊళ్ళో ఉదయం పదిన్నర ఆటకు మాత్రమే ఆడిన బొమ్మలు. అడవిలో పెరిగిన పిల్ల పగ తీర్చుకునేవి, పాము ఆడదై వచ్చేవి, పాడుబడ్డ బంగళాలో దయ్యం స్నానం చేసేవి, మలయాళం నుంచి వచ్చి ఎవరి గొంతు ఎవరిదో తెలియకుండా తెలుగులోకి మారినవి. ఆ ఆటకు వెళ్ళేవాళ్ళు సైకిలు హాలు స్టాండులో పెట్టేవాళ్ళు కాదు. రెండు వీధుల అవతల ఎవరి దుకాణం ముందో పెట్టి నడిచి వచ్చేవాళ్ళు. లోపల తెలిసిన మొహం కనబడితే ఇద్దరూ ఒకరినొకరు చూడనట్టే ఇంటర్వెల్ గడిపేవాళ్ళు. నేనూ అలా గడిపినవాణ్ణే.

నేను నీటిపారుదల శాఖలో గుమాస్తాగా చేరి సూపరింటెండెంటుగా రిటైరయ్యాను. హైస్కూలు రోజుల నుంచి డైరీ రాస్తున్నాను. వాన పడిందా, కాలవలకు నీళ్ళు వదిలారా, ఎవరింటికి వెళ్ళాం, ఏ కూర కుదిరింది, అన్నీ రాస్తాను. పదిన్నర ఆటకు వెళ్ళిన రోజున మాత్రం "పని మీద వెళ్ళాను" అని ఉంటుంది. నా డైరీలు ఎవరైనా చదివితే నన్ను మహా పనిమంతుడనుకుంటారు.

హాళ్ళలో ఫిల్ము పోయి కంప్యూటరు బొమ్మ వచ్చాక గవర్నర్‌పేటలో సినిమాలు పంపిణీ చేసే ఆఫీసులు ఒకటొకటిగా మూతబడ్డాయి. గొడౌన్లలో మిగిలిన ప్రింట్లు తూకానికి వెళ్ళాయి. ఒక సందులో పాత సామాను కొనే సాయిబుగారు ఒకరు ఉండేవారు. ఫిల్మును కడిగి అందులోని వెండి తీసేవాళ్ళకు ఆయన సరుకు పంపేవారు. పెద్ద సినిమాల ప్రింట్ల కోసం అప్పుడప్పుడూ ఎవరో ఒకరు వచ్చేవారు గానీ, నేను అడిగే సినిమాలు అడిగినవాడు ఇంకొకడు లేడు. అలాంటి డబ్బా ఏదైనా తగిలితే ఆయన ఫోను చేసి, "సార్, మీ చుట్టాలు దిగారు" అనేవారు. నేను గోనెసంచి తీసుకుని వెళ్ళేవాణ్ణి.

తెచ్చిన ప్రతి రీలునూ చేతి చక్రం మీద మెల్లగా తిప్పి, మెత్తటి గుడ్డతో తుడిచి, అంచుల్లో చిరిగిన చిల్లులు అతికించి, ఎంత ఎర్రబారిందో రాసి పెట్టేవాణ్ణి. పాతబడిన ఫిల్ము వెనిగర్ వాసన వేస్తుంది. ఆ వాసన మొదలైతే రీలు చావుకు దగ్గరపడిందని లెక్క. ఒక డబ్బాకు పట్టిందంటే పక్క డబ్బాలకూ అంటుకుంటుంది. మా మేడ మెట్ల మీద ఆ వాసన ఎప్పుడూ ఉంటుంది. ఎదురింటావిడ మేము పచ్చళ్ళ వ్యాపారం పెట్టామని చాలాకాలం అనుకుంది.

ఎందుకు దాస్తున్నానని అడిగినవాళ్ళకు ఒక జవాబు చెప్పేవాణ్ణి. మంచి సినిమాలను ఎవరో ఒకరు దాస్తారు, వీటిని దాచేవాడు లేడు, ఇందులోనూ కెమెరా పట్టినవాళ్ళు, డాన్సు చేసినవాళ్ళు, ఫైటు చేసి కాళ్ళు విరగ్గొట్టుకున్నవాళ్ళు ఉన్నారు, వాళ్ళ పని పోకూడదు, అని. ఆ మాట అబద్ధం కాదు. పూర్తి నిజమూ కాదు. వయసులో ఉన్నప్పుడు ఆ హాలు చీకట్లో నాకు కలిగినది ఏదో ఆ డబ్బాల్లో ఉంది. దాన్ని పారేయడం నా వల్ల కాలేదు.

ఇక్కడ బిట్టు గురించి చెప్పాలి. పదిన్నర ఆటకు జనం వచ్చేది సినిమా కోసం కాదు, బిట్టు కోసం. సినిమా మధ్యలో ఉన్నట్టుండి ఒక నగ్న దృశ్యం వచ్చి పోయేది. దాన్ని హాలు ఆపరేటరో, ప్రింటు పంపినవాళ్ళో రీలు కోసి అతికించేవాళ్ళు. ఇందులో రెండు రకాలు. ఆ సినిమా కోసమే తీసి, సెన్సారువాళ్ళు కోసేస్తే, మళ్ళీ దొంగచాటుగా కలిపిన ముక్క ఒకటి. ఎక్కడిదో ఏ దేశానిదో తెచ్చి అతికించిన ముక్క రెండోది. సేకరించేవాళ్ళకు మొదటి రకం దొరికితే పండగ. అది ఉన్న ప్రింటును పూర్తి ప్రింటు అంటాం. రెండో రకానికి విలువ లేదు.

నా దగ్గర ఒక అడవి సినిమా ఉంది, వయసులో ఉన్నప్పుడు పదిన్నర ఆటకు నేను చూసినదే, జిల్లా హాళ్ళన్నీ తిరిగిన ప్రింటే. అందులో రెండో హీరోయిన్ పాట పాడుకుంటూ సెలయేటి దగ్గరికి నడిచి వస్తుంది. ముక్క వస్తుంది. నీళ్ళలో వెనక్కి తిరిగి ఉన్న ఒక ఆడమనిషి, ఒంటి మీద బట్టలుండవు, మొహం కనిపించదు. ముక్క అయిపోగానే మళ్ళీ హీరోయిన్ ఒడ్డున నిలబడి తడి కొంగు పిండుకుంటూ ఉంటుంది. అతుకు ఎంత పొందికగా వేశారంటే నేను దాన్ని చూసినప్పుడల్లా మెచ్చుకునేవాణ్ణి. అది మొదటి రకం ముక్క అని నమ్మాను.

పాత సినిమాల పిచ్చి ఉన్నవాళ్ళకు ఫోన్లో ఒక గ్రూపు ఉంది. పోయిన ఏడాది వానాకాలంలో ఆ డబ్బా ఫొటో, సెలయేటి ఫిల్ము ముక్క ఫొటో ఒకటి అందులో పెట్టాను. కింద ఆ నటి పేరు రాసి, "సెన్సారు కోసిన బిట్టుతో సహా పూర్తి ప్రింటు" అని రాశాను. చాలామంది మెచ్చుకున్నారు. ఈ వయసులో మెచ్చుకోలు ఎంత రుచిగా ఉంటుందో ఆ రోజు నాకు తెలిసింది.

దసరా వెళ్ళాక ఒకరోజు పొద్దున మా ఆవిడ మేడ మెట్ల దగ్గర నిలబడి కేకేసింది.

"ఏవండీ, మీ పౌరాణికాల కోసం ఎవరో ఆవిడ వచ్చారు."

కిందికి దిగాను. డెబ్భై ఏళ్ళకు దగ్గర్లో ఉన్న ఆవిడ, నేత చీర, నెరిసిన ముడి, చేతిలో గుడ్డసంచి. లేచి నమస్కారం పెట్టి, "అన్నయ్యగారూ, నా సినిమా మీ దగ్గరుందంటగా" అన్నారు.

మా వైపు ఆడవాళ్ళు పరాయి మగవాణ్ణి మర్యాదగా పిలిచే పిలుపే అది. కూరగాయల బండివాణ్ణీ అంటారు, బ్యాంకు మేనేజర్నీ అంటారు. కానీ ఆవిడ ఎవరో అర్థమయ్యాక ఆ పిలుపు వింటూ నేను కుర్చీలో సర్దుకుని కూర్చోలేకపోయాను. ఆవిడ వీపు అనుకున్నదాన్ని నేను భూతద్దం పెట్టి చూసి, ఫొటో తీసి, నలుగురికీ పంపి ఉన్నాను.

ఆవిడ గుణదలలో ఉంటారు. చాలా ఏళ్ళు ఇంట్లోనే జాకెట్లు కుట్టారు. భర్త లారీ ఆఫీసులో పనిచేసి చనిపోయారు. పుట్టిల్లు పామర్రు దగ్గర ఒక ఊరు. చిన్నప్పుడే తండ్రి పోతే అన్నగారే పెంచారు. డాన్సు నేర్పించింది ఆయనే, మద్రాసు పంపింది ఆయనే. ఆవిడ చేసింది ఆ ఒక్క సినిమా. అది వచ్చినప్పుడు ఎవరూ చూడలేదు. తర్వాత పదిన్నర ఆటగా తిరిగి పామర్రు చేరింది. ఊళ్ళోవాళ్ళు ఏదో అంటుంటే అన్నగారు స్వయంగా వెళ్ళి చూసి వచ్చారు. ఇంటికొచ్చి, "నా కళ్ళతో చూశాను" అన్నారట. ఆ తర్వాత చెల్లెలు పెళ్ళి చేసుకుంది, పిల్లల్ని కన్నది. అన్నగారు పెళ్ళిళ్ళలో కనిపిస్తే పొడిగా పలకరించేవారు గానీ ఆవిడ గడప తొక్కలేదు. నలభై ఏళ్ళ పైమాట. దీపావళి వెళ్ళిన విదియనాడు అన్నదమ్ములు ఆడపడుచు చేతి అన్నం తినడం మాకు ఆచారం. ప్రతి ఏడూ ఆవిడ కబురు పెడుతూనే ఉన్నారు, ఆయన రాకుండానే ఉన్నారు.

"ఈ ఏడు మా వదిన ఎట్టాగో ఒప్పించింది. వస్తానన్నాడు" అన్నారు ఆవిడ. "ఈలోపు మీరు పెట్టింది మా ఊరు చేరింది. కుర్రాళ్ళు ఫోన్లలో తిప్పుకున్నారు. పేరు కూడా రాశారుగా. రానని చెప్పించాడు. ఆ నీళ్ళలో ఉన్నది నేను కాదండీ."

మా ఆవిడ కాఫీ గ్లాసులు పట్టుకుని గుమ్మంలో అలాగే నిలబడిపోయింది.

నేను క్షమించమని అడగాలి. అడగకుండా, అది ఆ సినిమాలో మొదటి నుంచీ ఉన్న దృశ్యమేననీ, తర్వాత ఎవరో కలిపినది కాకపోవచ్చుననీ మొదలుపెట్టాను. నిజం చెప్పాలంటే నేను ఆవిణ్ణి నమ్మలేదు. ఆ వయసులో ఎవరో బలవంతం చేస్తే ఒప్పుకుని ఉంటారని, ఇప్పుడు కాదంటున్నారని లోపల అనుకున్నాను.

ఆవిడకు నా మొహంలో అది కనిపించి ఉంటుంది. "నేను తల తడుపుకున్నాను. కొంగు పిండుకున్నాను. ఇంకేం చెయ్యలేదండీ. చేసినదాన్నైతే చేశాననే చెబుదును, ఈ వయసులో నాకేం భయం" అన్నారు. "నేను చెబితే మా అన్నయ్య నమ్మడు. పెట్టినవాళ్ళు మీరు. మీరొచ్చి చెప్పండి."

చెప్పాలంటే ముందు చూడాలన్నాను. ఆవిడ కాసేపు ఆలోచించి, "చూస్తాను. మీరు బయటుండండి" అని మా ఆవిడ వైపు తిరిగి, "వదినగారూ, మీరు కూడా రండి" అన్నారు.

నేను పైకి వెళ్ళి ఆ రీలు చక్రానికి ఎక్కించి, కింద దీపం వేసి, ఆ చోటు వచ్చేదాకా తిప్పి, భూతద్దం పక్కన పెట్టి బయటికి వచ్చాను. మా ఆవిడ ఆ గదిలో కుర్చీ వేసుకుని కూర్చోవడం అదే మొదటిసారి. నేను మెట్ల మీద కూర్చున్నాను. లోపల చక్రం చప్పుడు మెల్లగా మొదలైంది. తర్వాత ఇద్దరూ నవ్వడం వినిపించింది. తన మొహానికి పూసిన రంగు చూసి ఆవిడ నవ్వుతున్నారని తర్వాత తెలిసింది. సున్నం కొట్టినట్టుందని అన్నారట.

మా ఆవిడ తలుపు తీసుకుని వచ్చింది. నా పక్కన మెట్టు మీద నిలబడి తగ్గు గొంతుతో మాట్లాడింది.

"ఆవిడ జడ నడుం దాటి ఉంది. నీళ్ళలో మనిషికి జుట్టు భుజాల దాకా కూడా లేదు. ఇన్నేళ్ళూ మీరు ఏం చూశారండీ?"

ఏం చూశానో ఆవిడకు తెలియక కాదు అడిగింది.

లోపలికి వెళ్ళాను. జుట్టు సంగతి సరిపోదని చెల్లెలుగారే అన్నారు. సినిమావాళ్ళు సవరాలు పెడతారని అన్నగారికి తెలుసు, ఆ మాటే అంటాడు, అన్నారు. అప్పుడు నేను ఎప్పుడో చేయవలసిన పని చేశాను. బొమ్మను వదిలేసి ఫిల్ము అంచు చూశాను. ఫిల్ము అంచున చిల్లుల పక్కగా సన్నటి గీత ఉంటుంది. అదే శబ్దం. పాట ఉన్నచోట అది వంకర్లు తిరుగుతుంది. సెలయేటి పాటలో గీత అలల్లా ఉంది. అతుకు దాటగానే నిటారుగా అయిపోయింది. ముక్క పొడుగునా మూగదే. రెండో అతుకు దాటాక మళ్ళీ అలలు. అంచు మీద ఫిల్ము తయారీ అక్షరాలు కూడా ముక్కలో వేరేగా ఉన్నాయి. సినిమా ఎర్రబారింది, ముక్క గోధుమరంగుకు తిరిగింది. ఆ సినిమా కోసం తీసిన దృశ్యమైతే ఆ పాటే అందులో నడవాలి. అది ఎక్కడి నుంచో తెచ్చిన ముక్క.

అంచు చూడటం ఈ పనిలో అ ఆ లాంటిది. మిగతా ప్రతి రీలుకూ చూశాను. దీనికి చూడలేదు. అసలు అంచు దాకా ఎందుకు, హాల్లో ఆ ముక్క వచ్చినప్పుడు పాట ఠక్కున ఆగిపోయేది. పాట ఆగగానే హాలంతా సర్దుకుని కూర్చునేది. నేనూ సర్దుకుని కూర్చున్నాను. ఎందుకు ఆగిందని నన్ను నేను అప్పుడూ అడగలేదు, ఇప్పుడూ అడగలేదు. ముక్క అసలుదైతే నా ప్రింటు పూర్తిది అవుతుంది. అందుకని అసలుదే అనుకున్నాను.

రెండు అతుకులూ అలాగే ఉండేట్టు, రెండు పక్కలా కాస్త సినిమా కూడా కలిపి, ఆ భాగం కత్తిరించాను. ఒక ప్రింటును నా చేత్తో కోయడం అదే మొదలు. చుట్ట చుట్టి పూతరేకుల డబ్బాలో పెట్టాను. మర్నాడు ఇద్దరం పామర్రు మీదుగా వెళ్ళే బస్సు ఎక్కాం. ఆవిడ ముందు సీట్లో, నేను వెనక. డబ్బా ఒళ్ళో పెట్టుకున్నాను. వాసన దాగలేదు. టికెట్టు కొట్టిన కండక్టరు, "ఏం పచ్చడండీ బాబూ, ఘాటుగా ఉంది" అన్నాడు. నిమ్మకాయ అన్నాను. ముందు సీట్లో ఆవిడ తల తిప్పి నన్నొకసారి చూసి మళ్ళీ కిటికీ వైపు తిరిగారు. కంకి పాలుపోసుకుంటున్న చేల మధ్య నుంచి బస్సు పోతోంది. ఆ డబ్బాలో ఉన్నది ఎవరికీ చెప్పలేక పచ్చడని చెప్పిన ముసలివాణ్ణి నేను, మా ఆవిడ పౌరాణికాలని చెప్పినప్పుడు ఊరుకున్నవాణ్ణీ నేనే.

అన్నగారి ఇల్లు చేల అంచున ఉంది. ఆయన నాకంటే పెద్దవారు. మోకాళ్ళ నొప్పులతో వరండాలో ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని ఉన్నారు. భుజం మీద తెల్లటి తువ్వాలు. చెల్లెల్ని చూసి తల ఆడించారు. వదినగారు ఆవిణ్ణి లోపలికి తీసుకెళ్ళారు. నేను ఎవరో ముందే ఫోన్లో చెప్పి ఉంచారు.

"మీరేనాండీ అది పెట్టింది?" అన్నారు.

నేనే అన్నాను.

"మీకు ఆడపిల్లలా, మగపిల్లలా?"

"ఒక అమ్మాయండి."

ఆయన ఊఁ అన్నారు. ఇంక ఆ సంగతి ఎత్తలేదు. ఏదైనా తిట్టి ఉంటే కాస్త తేలిగ్గా ఉండేది.

నేను దారిపొడుగునా అనుకుంటూ వచ్చినదంతా చెప్పాను. ముక్క వేరే సినిమాది, నేను పొరపాటు పడ్డాను, రాసింది తప్పు, అని. ఆయన చేల వైపు చూస్తూ విన్నారు. నమ్మినట్టూ లేదు, నమ్మనట్టూ లేదు. నేను డబ్బా మూత తీయబోతే చెయ్యి అడ్డం పెట్టి, కోడళ్ళు తిరిగే ఇల్లు, అది ఇక్కడ విప్పొద్దన్నారు. భూతద్దం తెచ్చానని, క్షణం పని అని, అప్పుడు ఎలాగూ చూశారు కదా, ఇప్పుడు జుట్టు ఒక్కటి చూస్తే చాలని అన్నాను.

ఆయన తువ్వాలు అంచు వేళ్ళతో మెలిపెట్టారు.

"నేను చూళ్ళేదండీ" అన్నారు.

నాకు అర్థం కాలేదు.

"అది నీళ్ళ దగ్గరికి నడిచొచ్చేదాకా చూశాను. పాట ఆగింది. ఈలలేశారు. తల దించుకున్నాను. మళ్ళా పాట వచ్చేదాకా ఎత్తలేదు. ఎత్తేసరికి కొంగు పిండుకుంటా ఉంది."

వెనక గుమ్మంలో చెల్లెలుగారు నిలబడి ఉన్నారు. ఎప్పుడు వచ్చారో మేమిద్దరం చూడలేదు.

"ఒక్కసారి తలెత్తితే సరిపోయేది కదా అన్నయ్యా" అన్నారు.

"చెల్లెలనుకున్నాక ఎట్టా ఎత్తుతానే?" అన్నారు ఆయన.

ఆ హాలు నిండా తలెత్తి చూసినవాళ్ళే ఉన్నారు. అది ఆ పిల్ల కాదని కనిపెట్టగలిగే చూపు ఒక్కరికే ఉంది. ఆ ఒక్కరే మర్యాద కొద్దీ తల దించుకున్నారు.

కాసేపటికి ఆయన భుజం మీది తువ్వాలు తీసి, నా ఒళ్ళో ఉన్న డబ్బా మీద కప్పారు. "దీని కింద చూపించండి" అన్నారు.

నేను తువ్వాలు కిందనే మూత తీసి చుట్ట విప్పాను. ఆయన బొటనవేలు పట్టుకుని ఫిల్ము అంచు మీద పెట్టాను. అతికించినచోట ఒక పొర మీద ఇంకో పొర ఎక్కి ఉంటుంది, గోటికి తగులుతుంది. మొదటి అతుకు దగ్గర ఆయన గోరు ఆగింది. ముందుకీ వెనక్కీ రెండుసార్లు గీసి చూశారు.

"పాట ఆగింది ఇక్కడా?"

అవునన్నాను. అక్కడి నుంచి ఫిల్మును మెల్లగా ఆయన వేళ్ళ మధ్య నుంచి లాగాను. ఆయన కళ్ళు మూసుకున్నారు. తువ్వాలు కప్పి ఉన్నా మూసుకున్నారు. రెండో అతుకు వచ్చింది. గోరు మళ్ళీ ఆగింది.

"ఇంతేనా?" అన్నారు. "ఇంత పొట్టిదా?"

అంతేనండీ అన్నాను. ఆయన మొదటి అతుకు దాకా వెనక్కి తడుముకుంటూ వెళ్ళారు, మళ్ళీ రెండోదాని దాకా వచ్చారు. శబ్దం గీత గురించి, అక్షరాల గురించి చెప్పబోయాను గానీ ఆయన వినడం లేదు. గోటికి తగిలిన ఆ రెండు మెట్లతోనే ఆయనకు తేలిపోయింది. బట్టకు మాసిక వేసినట్టు బయటిది తెచ్చి వేశారు, అంతే కదా, అన్నారు. అంతే అన్నాను.

తర్వాత ఆయన కళ్ళు తెరిచి నా మొహం చూశారు.

"అయితే ఈ పిల్లెవరండీ?"

తెలియదన్నాను.

"మీరన్నీ రాసుకుంటారంటగా. ఎక్కడా రాసి ఉండదా?"

లేదన్నాను. అప్పుడు నాకు వచ్చిన సిగ్గు ఆవిడ ముందు వచ్చిన సిగ్గు కాదు. ఆవిడ విషయంలో నేను చేసింది పొరపాటు, సరిదిద్దడానికి బస్సెక్కి వచ్చాను. ఈ మనిషి గురించి అయితే ఎవరని అనుకోవడం కూడా నాకు తట్టలేదు. ఇది ఆవిడ కాదని తేలగానే, విలువ లేని రెండో రకం ముక్క అని మాత్రమే అనుకున్నాను. ఆ పొరపాటు చేయకపోయినా అంతే అనుకునేవాణ్ణి. ఏ ఊరిదో, ఎవరి మాట నమ్మి ఆ నీళ్ళలోకి దిగిందో, తన ముక్క కృష్ణా జిల్లా దాకా వచ్చిందని ఆమెకు తెలుసో లేదో.

ఆయన ఫిల్మును తన తువ్వాల్లోనే చుట్టారు. చుట్టి, అంచులు లోపలికి మడిచి, డబ్బాలో పెట్టి నా చేతికిచ్చి, "ఇట్టాగే తీసుకెళ్ళండి" అన్నారు. తువ్వాలు తిరిగి ఇస్తానంటే వద్దన్నారు.

వదినగారు మజ్జిగ తెచ్చారు. చెల్లెలుగారు వరండా మెట్టు మీద కూర్చుని ఉన్నారు. విదియకి వస్తావా అని ఆవిడ అడగలేదు. ఆయనే అడిగారు.

"మీ ఇంటికి మెట్లున్నాయా? మోకాళ్ళు బాగాలేవు."

"లేవు, కిందిదే" అన్నారు ఆవిడ. తర్వాత కొంగుతో మొహం తుడుచుకుని లోపలికి వెళ్ళారు.

ఆయన వెళ్ళారు. ఆ సంగతి ఆవిడ నాకు కాదు, మా ఆవిడకు ఫోను చేసి చెప్పారు. కంది పచ్చడి రెండోసారి అడిగి వేయించుకున్నారట. ఇప్పుడు వాళ్ళిద్దరూ వదినా వదినా అని తరచుగా మాట్లాడుకుంటారు. నన్ను భోజనానికి పిలవలేదు. పిలవకపోవడమే పద్ధతి.

గ్రూపులో నేను రాసింది తప్పని, ఆ నటికి ఆ ముక్కతో సంబంధం లేదని, పేరు తీసేయమని రాశాను. ఒకాయన, "అయితే ప్రింటు విలువ పడిపోయింది కదా సార్" అని జవాబిచ్చాడు. ఇంకొందరు నవ్వు బొమ్మలు పెట్టారు. నేను పంపిన ఫొటో ఎన్ని ఫోన్లకు వెళ్ళిందో, అందులో ఎన్నిచోట్ల ఆవిడ పేరు అలాగే ఉందో నాకు తెలియదు. దాన్ని వెనక్కి తెచ్చే ఉపాయం లేదని మా అమ్మాయి చెప్పింది. ఎందుకడుగుతున్నావు నాన్నా అంటే, చెప్పాను. ఆమె విన్నది. తర్వాత బీపీ మాత్రలు వేసుకుంటున్నావా అని అడిగి ఫోను పెట్టేసింది.

రీలును నేనే మళ్ళీ అతికించాను. ఇప్పుడు ఆ పాట మధ్యలో నేను వేసిన అతుకు ఒక్కటే ఉంది. అక్కడ పాట కాస్త గెంతుతుంది. నడిచి వస్తున్న అమ్మాయి ఉన్నట్టుండి కొంగు పిండుకుంటూ కనిపిస్తుంది. ముక్కతో పాటు నేను కలిపి కోసిన ఆవిడ బొమ్మలు కొన్ని ఆ తువ్వాల్లోనే ఉన్నాయి. అవి కావాలంటే తువ్వాలు విప్పాలి.

డబ్బా మేడమీద గదిలో పెట్టలేదు. కింద, మేము పడుకునే గదిలో, గూట్లో పెట్టాను. నూలుగుడ్డలో చుట్టిన ఫిల్ము మా డెల్టా తడిగాలికి నిలవదు. గుడ్డ చెమ్మ పీలుస్తుంది, ఫిల్ము గుడ్డకు అంటుకుంటుంది, ఒక వానాకాలం గడిస్తే విప్పబోయినా బొమ్మ ఊడి వస్తుంది. ఎవరైనా ఇలా దాస్తే నేనే మందలించేవాణ్ణి. విప్పి, ఆరబెట్టి, వేరే డబ్బాలో పెడితే ఆ మనిషి బొమ్మ ఇంకొన్నేళ్ళు ఉంటుంది. ఆ బొమ్మ ఉండాలో వద్దో చెప్పడానికి ఆమె లేదు. ఆ అన్నగారు మాత్రం కప్పి ఇచ్చారు.

ఈ వానలకు గూట్లోంచి వెనిగర్ వాసన మొదలైంది. నేను ఇంకా విప్పలేదు.